వ్యాపారికి ఒక ప్రమాణం, పౌరుడికి మరొకటా?

పుదుచ్చేరి పట్టణంలోని కదిర్కామంలో ఒక చిన్న ఇంటిస్థలం ఉందనుకుందాం. తండ్రి గతించాక దానికి ఇద్దరు కొడుకులు వారసులయ్యారు. పెద్దవాడు సొమ్ము పుచ్చుకుని, తన వాటాను తమ్ముడికి వదులుకుంటూ దస్తావేజు రాసి రిజిస్టరు చేయించాడు. ఏళ్లు గడిచాయి. స్థలం ధర పెరిగింది. తమ్ముడు కన్నుమూశాడు. అప్పుడు అన్న మరదలిపైనా ఆమె పిల్లలపైనా భాగపరిష్కార దావా వేశాడు. దావా పత్రంలో ఆ దస్తావేజు ఊసే లేదు. ఇంట్లో ఏ పెట్టె అడుగున ఉందో ఆ కాగితం, మరదలికి దాని సంగతే తెలియదు.

ఈ అన్నదమ్ములు కల్పితమే. కానీ వారి కథ లేవనెత్తే ప్రశ్న కల్పితం కాదు. తన దావాకు గొంతుకోత అయ్యే పత్రాన్ని మొదటి రోజే న్యాయస్థానం ముందుంచవలసిన బాధ్యత ఆ అన్నకు ఉన్నదా? సామాన్య సివిల్ దావాలలో చట్టం ఇచ్చే సమాధానం నిరాశాజనకం. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 7, రూల్ 14 ప్రకారం వాది తాను ఆధారపడే పత్రాలను దాఖలు చేస్తే చాలు. ప్రతివాదికి ఆర్డర్ 8, రూల్ 1ఏ విధించే బాధ్యత కూడా అంతే. తనకు ప్రతికూలమైన కాగితాన్ని ఎదుటివాడు కనిపెట్టి, పేరుపెట్టి, ఆర్డర్ 11 కింద దరఖాస్తు పెట్టి రాబట్టుకోవాలి. ఉన్నదని తెలియని కాగితాన్ని ఏ విధవరాలు అడగగలదు?

ఇప్పుడు అదే కదిర్కామంలో ఇద్దరు టోకు వర్తకుల తగవును చూడండి. 3 లక్షల రూపాయలకు తక్కువ కాని సరుకు బాకీపై వాణిజ్య వివాదం అది. 2015 నాటి వాణిజ్య న్యాయస్థానాల చట్టం వారి విషయంలో మాట మార్చింది. వాది తన అధీనంలో ఉన్న, వివాదానికి సంబంధించిన పత్రాలన్నిటినీ బయటపెట్టానని ప్రమాణం చేయాలి. ప్రతివాది తన వాదానికి అనుకూలమా, ప్రతికూలమా అన్న దానితో నిమిత్తం లేకుండా పత్రాలను చూపాలి. ఏ ముఖ్య విషయాన్నీ దాచలేదని ఇద్దరూ సత్య ప్రకటన చేయాలి. ప్రతివాద పత్రానికి 120 రోజులు దాటితే తలుపు మూసుకుంటుంది. ఆ గడువు అనుల్లంఘనీయమని సుప్రీంకోర్టు 2019లో స్పష్టం చేసింది. సామాన్య దావాలో మాత్రం 30 రోజులు, గరిష్ఠంగా 90 రోజులు అన్న గడువు కేవలం మార్గదర్శకమని 2005లోనే అదే న్యాయస్థానం తేల్చింది.

అంటే ఈ దేశంలో సంపూర్ణ సత్యం సరుకుకు దక్కిన హక్కు. ఇంటిగోడకు, వారసత్వానికి, వితంతువు వాటాకు దక్కనిది. 2018లో పార్లమెంటు వాణిజ్య వివాదాల విలువ పరిమితిని కోటి రూపాయల నుంచి 3 లక్షలకు దించింది. వ్యాపార సౌలభ్య సూచీలలో దేశం స్థానం గురించి పాలకులు తపించిన రోజులవి. పౌరుడి సౌలభ్యానికి సూచీ లేదు, కనుక తపనా లేదు. దేశంలోని జిల్లా, దిగువ న్యాయస్థానాలలో పేరుకున్న సివిల్ వ్యాజ్యాలు కోటికి పైమాటే. వాటిలో అత్యధికం ఆ తపనకు అందని మనుషులవే.

పైన చెప్పిన కల్పిత కథకు నిజమైన పూర్వరంగం ఉంది. ఎస్.పి. చెంగల్వరాయ నాయుడు వర్సెస్ జగన్నాథ్ అన్న వ్యాజ్యం మద్రాసు హైకోర్టు మీదుగా సుప్రీంకోర్టుకు చేరింది. అందులో వాది న్యాయస్థాన వేలంలో ఆస్తిని తన యజమాని తరఫున కొన్నాడు. ఆపైన ఆ హక్కును యజమానికి వదిలివేస్తూ దస్తావేజు రాసిచ్చాడు. తరువాత దానిని దాచి భాగపరిష్కార దావా వేసి ప్రాథమిక డిక్రీ సంపాదించాడు. తుది డిక్రీ దశలో ప్రతివాదులకు ఆ పత్రం దొరికింది. విచారణ న్యాయస్థానం ఇది మోసమన్నది. మద్రాసు హైకోర్టు మాత్రం నిజమైన వాదంతోనే న్యాయస్థానానికి రావలసిన చట్టబద్ధ బాధ్యత వాదికి లేదన్న వైఖరి తీసుకున్నది. 1993 అక్టోబరులో సుప్రీంకోర్టు ఆ వైఖరిని తీవ్రంగా తిరస్కరించింది. కీలక పత్రాన్ని దాచి లబ్ధి పొందజూడటం ఎదుటి పక్షాన్నే కాక న్యాయస్థానాన్ని కూడా వంచించడమేనని, అలా పొందిన డిక్రీకి విలువ లేదని తీర్పు చెప్పింది.

మూడు దశాబ్దాలుగా ఈ తీర్పును ఉటంకించని న్యాయవాది లేడు. అయినా ఆ తీర్పు సారం సామాన్య దావాల దాఖలు నియమాలలోకి ప్రవేశించలేదు. మోసం బయటపడ్డాక శిక్షించే సూత్రంగా మిగిలింది, మోసాన్ని గుమ్మంలోనే ఆపే నియమంగా మారలేదు. 2002 జులై నుంచి ప్రతి వాదపత్రానికీ అఫిడవిట్ జతచేయాలన్న నిబంధన ఉన్నమాట నిజమే. కానీ అది రాసినదానికి మాత్రమే హామీ, రాయనిదానికి కాదు. అబద్ధం చెప్పనివాడు నిజం దాచవచ్చునన్న కిటికీని చట్టమే తెరిచి ఉంచింది.

ఆ కిటికీ దగ్గర కాపలా ఉండవలసినవాడు న్యాయవాది. బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా ప్రవర్తనా నియమాలు ఈ విషయంలో ఏ సందిగ్ధతకూ తావివ్వలేదు. న్యాయవాది కక్షిదారుడి నోటికి గొట్టం కాదు, స్వీయ వివేకంతో వ్యవహరించాలి. కక్షిదారుణ్ణి అక్రమ పద్ధతుల నుంచి వారించాలి, వినకపోతే వకాల్తా వదులుకోవాలి. 1977లో టి. అరివందందం వర్సెస్ టి.వి. సత్యపాల్ వ్యాజ్యంలో జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్ ఇదే గుర్తుచేశారు. వేధింపు దావాలను మొగ్గలోనే తుంచాలని దిగువ న్యాయమూర్తులకు చెబుతూ, అటువంటి దావాలను వడకట్టడంలో న్యాయవాదుల పాత్రను కూడా ఆయన ఎత్తిచూపారు.

ఆ వడపోత నేడు ఎక్కడ కనబడుతుంది? నోటీసుకు జవాబు ఇవ్వకపోవడం వ్యూహమైంది. ప్రతివాద పత్రంలో పేరాపేరాకూ "వాది ఆరోపణను నిరాకరిస్తున్నాను" అని రాయడం అలవాటైంది. తాత్కాలిక ఇంజంక్షన్ దొరికిన మరుక్షణం వాదికి విచారణపై ఆసక్తి నశిస్తుంది, దొరకకపోతే ప్రతివాదికి నశిస్తుంది. సాక్షి వచ్చిన రోజు న్యాయవాదికి వేరే న్యాయస్థానంలో పని పడుతుంది. విచారణ కాలంలో ఒక పక్షానికి 3 వాయిదాలకు మించి ఇవ్వరాదని ఆర్డర్ 17 చెబుతుంది. ఆ అంకెను న్యాయస్థాన ప్రాంగణంలో పైకి చదివితే నవ్వు వినబడుతుంది.

దీనికి వృత్తిలోనివారు రెండు సమాధానాలు చెబుతారు. కక్షిదారు చెప్పినదానిపై తీర్పు చెప్పడం న్యాయమూర్తి పనే కాని న్యాయవాది పని కాదన్నది మొదటిది. అది నిజమే. సందేహాస్పదమైన వాదాన్ని కూడా నిర్భయంగా వినిపించవలసిందే. కానీ సందేహం వేరు, ఎరుక వేరు. రిజిస్టరైన దస్తావేజును చేతితో పట్టుకుని చూసిన తరువాత అది లేనట్టు దావా రాయడం వాదన కాదు, వంచనలో భాగస్వామ్యం. పేదలు, చదువురానివారు అన్ని కాగితాలూ మొదటే తేలేరు, కఠిన నియమం వారినే దెబ్బతీస్తుందన్నది రెండవ సమాధానం. ఇది బరువైన అభ్యంతరం. కానీ కాగితం దొరకనివాడికి గడువు ఇవ్వడం, కాగితం దాచినవాడికి మినహాయింపు ఇవ్వడం ఒకటి కావు. దాపరికం పేదవాడి ఆయుధంగా ఉన్నది అరుదు. కాలం గడిచేకొద్దీ నష్టపోయేవాడే పేదవాడు.

న్యాయపీఠానికి కూడా ఈ నిందలో వాటా ఉంది. తప్పుడు దావాకు, వేధింపు ప్రతివాదానికి పరిహార ఖర్చులు విధించే సెక్షన్ 35ఏ గరిష్ఠ పరిమితి 3,000 రూపాయలు. 1976 సవరణలో పెట్టిన అంకె అది, నేటికీ కదలలేదు. వాణిజ్య వివాదాలకు మాత్రం ఆ పరిమితినే ఎత్తివేశారు. మూడు వేలు కట్టి ముప్ఫై లక్షల స్థలాన్ని ఏళ్లతరబడి చిక్కులో పడేయగలిగితే, అబద్ధం చవకైన పెట్టుబడి కాక మరేమిటి? న్యాయస్థానంలో తప్పుడు సాక్ష్యం ఇస్తే ఏడేళ్ల దాకా, మోసపూరిత దావా వేస్తే రెండేళ్ల దాకా జైలుశిక్ష ఉంది. కానీ ఆ ఫిర్యాదు న్యాయస్థానమే చేయాలి. పీఠం మౌనం వహిస్తే బాధితుడికి నోరు లేదు. వాస్తవిక ఖర్చులు విధించాలని సేలం అడ్వొకేట్ బార్ అసోసియేషన్ వ్యాజ్యంలో 2005లోను, రామ్‌రామేశ్వరీ దేవి వ్యాజ్యంలో 2011లోను సుప్రీంకోర్టు చెప్పింది. చెప్పిన మాట కింది అంతస్తులకు దిగలేదు.

అన్నిటికన్నా పెద్ద దోషి అన్నిటికన్నా పెద్ద కక్షిదారే. ప్రభుత్వంపై దావాకు ముందు రెండు నెలల నోటీసు ఇవ్వాలని సెక్షన్ 80 పౌరుణ్ణి శాసిస్తుంది. నోటీసు చదివి తప్పుంటే దిద్దుకోవడానికే ఆ గడువు. ఎక్కువ సందర్భాలలో జవాబే రాదని, వచ్చినా అది అస్పష్టంగా ఉంటుందని సేలం తీర్పులోనే సుప్రీంకోర్టు ఎత్తిచూపింది. 2010లో నాటి న్యాయశాఖ మంత్రి వీరప్ప మొయిలీ జాతీయ వ్యాజ్య విధానాన్ని ప్రకటిస్తూ ప్రభుత్వం బాధ్యతాయుత కక్షిదారు అవుతుందన్నారు. ప్రభుత్వాలు మారాయి, శాఖల అఫిడవిట్లు మారలేదు. తన ఫైలులోని ప్రతికూల పత్రాన్ని చూపని ప్రభుత్వానికి పౌరుడి దాపరికాన్ని నిందించే నైతికార్హత ఎక్కడిది?

ఈ భారం తెలుగువారిపై పడే తీరుకు యానాం ఒక నిదర్శనం. పుదుచ్చేరి కేంద్రపాలిత ప్రాంతంలో భాగం కనుక యానాంపై అధికార పరిధి మద్రాసు హైకోర్టుది. పక్కనే కాకినాడ ఉన్నా, గోదావరి గట్టున ఉన్న యానాం రైతు రెండవ అప్పీలు కోసం చెన్నై వెళ్లాలి. దిగువ న్యాయస్థానంలో దాచిన ఒక కాగితం ఖరీదు అతనికి రైలు ఛార్జీలలో, పోయిన పనిదినాలలో, తమిళనాట వెతుక్కున్న న్యాయవాది రుసుములో లెక్కకు వస్తుంది.

మరో మార్గం ఉందా అన్నవారు ఆస్ట్రేలియాలోని విక్టోరియా రాష్ట్రాన్ని చూడవచ్చు. 2010 నాటి అక్కడి సివిల్ ప్రొసీజర్ చట్టం కక్షిదారులకు, న్యాయవాదులకు ఉమ్మడిగా బాధ్యతలు విధించింది. నిజాయితీగా ఉండటం, ఆధారం లేని వాదం చేయకపోవడం, న్యాయస్థానాన్ని తప్పుదోవ పట్టించకపోవడం, వివాదాన్ని కుదించడం, కీలక పత్రాల ఉనికిని వెల్లడించడం వాటిలోనివి. ఉల్లంఘిస్తే ఖర్చులు న్యాయవాది జేబు నుంచీ పోవచ్చు. ఈ నియమాలు పెద్ద వర్తకులకే పరిమితం కాలేదు. మెల్‌బోర్న్‌లో స్థిరపడిన తెలుగు కుటుంబానికి ఇంటి తగవులో దక్కే ఈ రక్షణ కదిర్కామం కుటుంబానికి ఎందుకు దక్కరాదు?

ఇందుకు రాజ్యాంగ సవరణ అక్కరలేదు, కొత్త కమిటీ అక్కరలేదు. సెక్షన్ 122 కింద హైకోర్టులు ప్రభుత్వ ఆమోదంతో సివిల్ ప్రొసీజర్ నియమాలను తామే సవరించవచ్చు. వాణిజ్య దావాలకున్న సంపూర్ణ పత్ర ప్రకటనను అన్ని దావాలకూ విస్తరించే పని మద్రాసు హైకోర్టు, ఆంధ్రప్రదేశ్, తెలంగాణ హైకోర్టులు రేపే మొదలుపెట్టవచ్చు. న్యాయవాది కూడా తాను పత్రాలను పరిశీలించానని సంతకం చేయాలన్న నియమం చేర్చవచ్చు. సెక్షన్ 35ఏ పరిమితిని తొలగించడం పార్లమెంటు పని, ఒక వాక్యం సవరణతో పోయేది. న్యాయవాదుల సేవ వినియోగదారుల రక్షణ చట్టం కిందికి రాదని సుప్రీంకోర్టు 2024 మేలో తేల్చింది. తమ క్రమశిక్షణ తమకే వదిలివేయాలని కోరిన వృత్తి, ఆ క్రమశిక్షణను చేతల్లో చూపవలసిన సమయం ఇది.

కక్షిదారుడి సత్యానికి రూపాయలలో వెలకట్టి, ఆ వెల దాటిన వర్తకుడి నుంచే దానిని కోరే చట్టం సమానత్వ చట్టం కాదు. న్యాయదేవత కళ్లకు గంతలు ఉన్నది ఎదుట నిలిచినవారు ఎవరో చూడకుండా ఉండటానికి, వారు దాచిన కాగితాన్ని చూడకుండా ఉండటానికి కాదు.