తెర వెనుక చెమటకు వెల లేదా?

భిలాయిలో 1959 ఫిబ్రవరి 4న మొదటి బ్లాస్ట్ ఫర్నేసు ప్రారంభమైన నాటి నుండి ఈ పట్టణం పేరు ఉక్కుతో ముడిపడి ఉన్నది. ఆ కొలిమిని నమ్ముకొని వచ్చిన తెలుగు కుటుంబాలు ఇచ్చటనే స్థిరపడినవి. భిలాయిలో పుట్టిన అనురాగ్ బసు హిందీ చిత్ర దర్శకులై దేశమంతటా పేరు పొందారు. అది మనకు సంతోషమే. కాని ఏ చిత్రానికైనా దీపాలు మోసినవారు, సెట్టు కొట్టిన వడ్రంగులు, జనరేటరు వ్యాను వద్ద రాత్రంతా మేలుకొన్నవారు, అందరికంటె ముందు వచ్చి అందరి తరువాత వెళ్లే ప్రొడక్షన్ బాయ్‌లు ఎందరికి తెలుసు? మన కార్మికుల బిడ్డలు తెర వెనుక బ్రతుకు వెదుక్కొనే ఈ రోజులలో ఈ ప్రశ్న మన ఇంటి ప్రశ్నయే.

సినిమా కళ అనీ, దానిని కార్ఖానా లెక్కలతో కొలువరాదనీ కొందరు వాదిస్తారు. మంచిది. అయితే 1998లో కేంద్ర ప్రభుత్వం చలనచిత్ర రంగాన్ని పరిశ్రమగా గుర్తించినప్పుడు ఆ గుర్తింపును ఆనందంగా స్వీకరించినదెవరు? బ్యాంకు అప్పు కావలసినప్పుడు అది పరిశ్రమ. లైట్‌మన్ వేతనం అడిగినప్పుడు అది కళ! ఈ రెండు నాలుకల మాటను మేము అంగీకరించము.

హైదరాబాదులో తెలుగు చిత్ర కార్మికులు 30 శాతం వేతన పెంపు కోరుతూ 2025 ఆగస్టులో సమ్మెకు దిగారు. చిత్రీకరణలు నిలిచిపోయినవి. 18 దినాల పోరాటం తరువాత మూడేళ్లలో విడతలుగా 22.5 శాతం పెంపుదలకు ఒప్పందం కుదిరినది. అడిగినదంతా రాలేదు. అయినను తార లేనిదే చిత్రం లేదని చెప్పేవారికి, లైట్‌మన్ లేనిదే తార ముఖం కూడా కనబడదని ఆ 18 దినాలు తెలియజెప్పినవి.

వేతనమొక్కటే సమస్య కాదు. 2020 ఫిబ్రవరి 19న చెన్నై సమీపంలో ఒక చిత్రీకరణ స్థలంలో క్రేను కూలి ముగ్గురు మరణించారు. భిలాయి కార్మికులకు ఈ దుఃఖం కొత్త కాదు. 2018 అక్టోబరు 9న ఇచ్చటి ఉక్కు కర్మాగారంలో గ్యాసు గొట్టం పేలి పదిమందికి పైగా ప్రాణాలు కోల్పోయారు. క్రేను ఏదైనను, గొట్టం ఏదైనను, కూలినప్పుడు క్రింద ఉండేది కార్మికుడే.

వ్రాతపూర్వకమైన ఒప్పందం లేకుండా సినీ కార్మికునిచే పని చేయించరాదని 1981 నాటి చట్టమే శాసించినది. కాని అది కథాచిత్రాల వరకే పరిమితమైనది. 2025 నవంబరు 21న అమలులోకి వచ్చిన వృత్తి భద్రతా కోడ్ టెలివిజన్, వెబ్ ధారావాహికలను కూడా ఈ నిబంధన పరిధిలోనికి తెచ్చినది. ఆ కోడ్‌లను పలు కార్మిక సంఘాలు వ్యతిరేకించినవి. ఆ వ్యతిరేకతకు బలమైన కారణాలున్నవి. అయినను కాగితం మీద ఉన్న హక్కును వాడుకొనకుండా వదలివేయుట అవివేకం. ఒప్పందం చేతికి రానిదే ఏ కార్మికుడూ ఔట్‌డోర్‌కు బయలుదేరరాదు. ఒంటరిగా అడిగినవానికి మరునాడు పిలుపు రాదు. కావున సంఘమే అడుగవలెను.

ఇచ్చట మనలను మనము కూడా ప్రశ్నించుకొనవలెను. 1969లో ఏర్పడిన జాతీయ సంయుక్త సంఘం ద్వారా ఉక్కు రంగంలో వేతన ఒప్పందాలు సాధించుకొన్నాము. కాని అదే గేటులో ప్రవేశించే కాంట్రాక్టు కార్మికునికి మన పక్కన ఎంత చోటిచ్చాము? రోజుకూలిపై బ్రతికే లైట్‌మన్‌కు, కాంట్రాక్టరు దయపై బ్రతికే కొలిమి కార్మికునికి బాధ ఒక్కటే. వీరిని విడిచి మనము గెలువలేము.

వ్రాతపూర్వక ఒప్పందం, సకాలంలో వేతనం, అదనపు గంటలకు అదనపు కూలి, ప్రతి కార్మికునికి ప్రమాద బీమా: ఇవి మా కోర్కెలు. ఇవి భిక్ష కావు, చేసిన పనికి రావలసిన బాకీ. తెర వెనుక కార్మికులారా, సంఘంలో చేరండి. ఉక్కు కార్మికులారా, వారికి అండగా నిలువండి.

కార్మిక ఐక్యత వర్ధిల్లాలి!