గ్యాస్ బిళ్ల – మితము, హితము

భోజనంలో మితం పాటించాలని పెద్దలు చెప్పారు. మందుల విషయంలో ఆ మాట మరింత సత్యమని మేము విశ్వసిస్తున్నాము. పెంటపాడు, తాడేపల్లిగూడెం ప్రాంతాలలో ఆవకాయ ఘాటుకో, కొల్లేటి చేపల పులుసుకో, పరీక్షల నాటి జాగరణకో ఛాతీలో మంట పుడితే, వైద్యుని కంటె ముందు మందుల దుకాణమే గుర్తుకు వస్తుంది. "ఒక గ్యాస్ బిళ్ల ఇవ్వండి" అని అడగడం, ఇచ్చినది మింగడం పరిపాటి అయింది. ఈ అలవాటు మారాలి.

ఒమెప్రజోల్, పాంటప్రజోల్ వంటి మందులు పుట్టిన ఆమ్లాన్ని విరిచేవి కావు. ఆమ్లం పుట్టకుండా అడ్డుకునేవి. పెద్దలకు సాధారణ మోతాదు ఒమెప్రజోల్ 20 మిల్లీగ్రాములు లేదా పాంటప్రజోల్ 40 మిల్లీగ్రాములు. రోజుకు ఒకసారి, ఆహారానికి అరగంట ముందు. పూర్తి గుణం కనిపించడానికి కొన్ని రోజులు పట్టవచ్చు. మంట పుట్టాక రెండు బిళ్లలు మింగినంత మాత్రాన తక్షణ ఫలితం రాదు. సలహా లేకుండా 14 రోజులకు మించి వాడరాదు. ఏళ్ల తరబడి వాడితే బి12 విటమిన్, మెగ్నీషియం తగ్గవచ్చు. రంజాను ఉపవాసాలుండేవారు సహరీకి ముందా, ఇఫ్తారుకు ముందా అన్నది వైద్యుని అడిగి తెలుసుకోవాలి.

మన పొరుగున భీమవరంలో 1895లో జన్మించిన యల్లాప్రగడ సుబ్బారావు గారి నేతృత్వంలో సాగిన పరిశోధన 1948లో లోకానికి ఆరియోమైసిన్‌ను ప్రసాదించింది. టెట్రాసైక్లిన్ జాతిలో అదే మొదటిది. కడుపు మంటకు తాగే తెల్లని యాంటాసిడ్ ద్రవాన్ని ఆ జాతి మందుతో కలిపి తీసుకుంటే, ఆ మందు రక్తంలోకి సరిగా చేరదు. మహనీయుని శ్రమఫలాన్ని ఒక చెంచా ద్రవంతో వ్యర్థం చేసుకోవడం తగునా? ఇక ఇంటింటా వాడిన రానిటిడిన్‌లో హానికర మలినం ఉందని 2020లో అమెరికా దానిని అంగళ్ల నుండి తీసివేయించింది. 2022లో మన దేశపు అత్యవసర మందుల జాబితా నుండి కూడ అది తొలగింది.

అన్నిటికంటె ప్రమాదకరమైనది గుండె నొప్పిని గ్యాస్ అనుకోవడం. ఛాతీ బరువెక్కి, చెమట పట్టి, నొప్పి చేతికో దవడకో పాకితే బిళ్ల కోసం వెతకరాదు. తక్షణం ఆసుపత్రికి చేరాలి. మలం నల్లబడినా, మింగడం కష్టమైనా ఆలస్యం కూడదు.

వైద్యుని దగ్గరకు వెళితే రోజుకూలి పోతుందనేవారి మాటలో నిజముంది. అందుకే ఈ జ్ఞానం వారి ముంగిటికి వెళ్లాలి. ఈ నియమాలను తెలుగు, ఉర్దూ భాషలలో వ్రాయించి కళాశాలలో ప్రదర్శించవలసిందిగా కమిటీ పెద్దలను కోరుతున్నాము. వాటిని ఇంటింటికి చేరవేసే బాధ్యత విద్యార్థులమైన మనది.