పంతులేడి?

వరంగల్లులో దండల పెళ్ళిళ్ళు మనకు కొత్తవి కావు. వెనుక ఎర్రగుడ్డ, రెండు పూలదండలు, నాలుగు ఉపన్యాసాలు, చివర టీ. కట్నం లేదు, మంత్రం లేదు. అట్లాంటి పెళ్ళి ఒకదానికి నేనూ సాక్షినే. హాలు నిండా జనం సాక్షులే. ఏళ్ళ తర్వాత ఆ వధువు, భర్త చనిపోయి, పెన్షను కాగితాల కోసం ఒక ఆఫీసుకు వెళితే అక్కడి గుమాస్తా ఫొటో తిప్పితిప్పి చూసి, "పంతులేడమ్మా?" అన్నాడు.

గుమాస్తాను తిట్టి లాభం లేదు. అతని నోట పలికింది చట్టమే. 1955 నాటి హిందూ వివాహ చట్టం 7వ సెక్షను వధూవరులలో ఎవరో ఒకరి ఆచారం ప్రకారం తంతు జరగాలంటుంది. సప్తపది ఆచారమైతే ఏడో అడుగుతో పెళ్ళి పూర్తి. మనుషులు ఎందరు చూడాలో అందులో ఒక్క ముక్క లేదు. అగ్నిహోత్రుడు చూస్తే చాలు, అయిదువందలమంది కార్మికులు చూస్తే చాలదు! తర్వాత రిజిస్టరు చేయించుకుందామన్నా, తంతు లేని పెళ్ళికి ఆ కాగితం ప్రాణం పోయదని 2024లో సుప్రీంకోర్టు తేల్చింది.

ప్రత్యేక వివాహ చట్టం ఉన్నది గదా అంటారు లాయరు మిత్రులు. ఉన్నది, 1954 నుంచి. ముగ్గురు సాక్షుల యెదుట, అధికారి యెదుట, తమకు అర్థమయ్యే భాషలో ఒకరినొకరు స్వీకరించాలి. ఎంత సంస్కారవంతమైన మాట! కాని దానికి ముందు ముప్పై రోజులు వాళ్ళ నోటీసు ఆఫీసు గోడకు వేలాడాలి. కులం వేరని ఆక్షేపించే హక్కు యీ చట్టం ఎవరికీ ఇవ్వలేదు. మరి ఆ గోడ ఎవరికి కబురు పెడుతున్నట్టు? కులాంతర వివాహం చేసుకున్న దళిత యువకుణ్ణి 2018లో మిర్యాలగూడలో, ఆసుపత్రి ముంగిట, గర్భవతియైన భార్య కళ్ళముందే నరికారు. అట్లాంటి నేలమీద నోటీసు వట్టి కాగితమేనా?

తమిళ సోదరులకూ యీ కష్టం వచ్చింది. పురోహితుడు లేని పెళ్ళి చెల్లదని 1953లో మద్రాసు హైకోర్టు అన్నది. 1967లో అన్నాదురై ప్రభుత్వం చట్టంలో 7-ఎ సెక్షను చేర్చింది: బంధువులో మిత్రులో ఉండగా దండ మార్చుకున్నా, ఉంగరం తొడిగినా, తాళి కట్టినా పెళ్ళే.

వివాహం ఉమ్మడి జాబితాలోని విషయం. రాష్ట్ర శాసనసభ తలుచుకుంటే సవరించవచ్చు. మన దండల పెళ్ళిళ్ళలో ఉపన్యసించిన పెద్దల్లో శాసనసభల్లో కూర్చున్నవారు తక్కువేమీ కాదు. పురోహితుణ్ణి వేదిక దింపామని పొంగిపోయాం. ఆ ఆడమనిషి చేతికి చెల్లుబాటయ్యే కాగితం ఇప్పించామా? మేము పెళ్ళి చూశామని రాసి సంతకం పెట్టడానికి నేనూ మరి ఇద్దరమూ ఆ ఆఫీసుకు వెళ్ళాం. మా సంతకాలు అక్కరలేదన్నారు.