అల్పాయుష్షు గొప్పదనమా?

చిన్న వయస్సున గతించిన నటుని లోకము త్వరగా మరువదు. తెరమీద వాని ముఖమున ముడుతలు పడవు, తల నెరయదు. అందుచేత కొందరు యువకులు, కొద్దికాలమైనను వెలుగుచు బ్రతికి పోవుటయే మేలని తలంతురు. కొందరు పెద్దలో, నాటకములును సినిమాలునే వానిని చెరిపినవందురు. ఈ రెండు తలంపులును సరికావని మా యభిప్రాయము. అమెరికా నటుడగు జేమ్స్ డీన్ జీవితమే యిందులకు నిదర్శనము.

ఇతడు 1931 ఫిబ్రవరి 8వ తేదీన ఇండియానా రాష్ట్రమందలి మేరియన్ పట్టణమున జన్మించెను. తొమ్మిదవ యేట తల్లి మరణింపగా, ఫెయిర్‌మౌంటులో వ్యవసాయము చేసికొను మేనత్తయు, ఆమె భర్తయు ఇతనిని కన్నబిడ్డవలె పెంచిరి. అచ్చటి హైస్కూలులో అడెలీన్ నాల్ అను ఉపాధ్యాయిని ఇతని సామర్థ్యమును కనిపెట్టి నాటకకళ నేర్పెను. 1949లో, డికెన్సు రచనలోని యొక ఘట్టమును అభినయించుచు చదివి, ఇతడు రాష్ట్రపు పోటీలో ప్రథమస్థానమందెను. కళ ఇతనిని చెరుపలేదు. తల్లిలేని బాలునకు ఒక మార్గము చూపినది.

పిమ్మట న్యూయార్కులో చిన్న పాత్రలు ధరించుచు, ఆక్టర్స్ స్టూడియోలో శిక్షణ పొందెను. ముఖ్యపాత్ర ధరించిన చిత్రములు మూడే: 'ఈస్ట్ ఆఫ్ ఈడెన్', 'రెబెల్ వితౌట్ ఎ కాజ్', 'జయంట్'. వీనిలో మొదటిది మాత్రమే అతడు జీవించియుండగా వెలువడెను.

మోటారు పందెములనిన అతనికి మిక్కిలి మోజు. 1955 సెప్టెంబరులో, రహదారులపై జాగ్రత్తగా కారు నడుపుడని యువకులకు బోధించు చిన్న చిత్రమున తానే మాటలాడెను. కొన్నాళ్లకే, 30వ తేదీన, పందెమునకై పోవుచు, మితిమీరిన వేగమునకు పోలీసుల చీటీ నందుకొనెను. ఆ సాయంకాలమే కాలిఫోర్నియాలో ఒక కూడలియొద్ద, మలుపు తిరుగుచున్న మరియొక కారును ఢీకొని మరణించెను. అతని వయస్సు 24 ఏండ్లు. తప్పెవరిదని తీర్పు చెప్పుట మా పనికాదు. కాని హెచ్చరిక రెండుమార్లు వచ్చెను. అందొకటి తన నోటనే వచ్చెను.

మరణానంతరము అతని పేరు రెండుమార్లు ఆస్కారు బహుమానమునకు ప్రతిపాదింపబడెను. అయినను మరణము అతని కళకు చేర్చినదేమియు లేదు. అతడు నటింపవలసిన నాలుగవ చిత్రమును హరించినది. మన మెచ్చుకొనవలసినది అతని శ్రద్ధను, పెంచినవారి ప్రేమను, ఆ యుపాధ్యాయిని ఓర్పును. అతని తొందరను కాదు.

తలిదండ్రులారా, మీ బిడ్డయందు పాటయో నటనయో కానవచ్చినయెడల దానిని అణచివేయకుడు. విద్యార్థులారా, మీలో కొందరు హెల్మెటు లేకయే మోటారుసైకిళ్లపై దూసికొనిపోవుట మేము చూచుచునేయున్నాము. తలాంతుల ఉపమానము మీరెరిగినదే. తలాంతును భూమిలో దాచినవాడే గాక, దానిని దారిలో పారవైచినవాడును లెక్క చెప్పవలసియుండును. మీ ప్రాణము మీ యొక్కరి సొత్తు కాదు. మిమ్ము పెంచిన చేతులన్నిటికి అందు భాగము గలదు.