చూపు తక్కువైన పిల్లలకు టైపింగు ముందే నేర్పాలి

కంప్యూటరు కీబోర్డు మీద ఎఫ్, జె అనే రెండు కీల మీద ఉబ్బెత్తుగా చిన్న గీతలు ఉంటాయి. పక్కనున్న అంకెల వరుసల్లో 5 మీద కూడా అలాంటి గుర్తే కనిపిస్తుంది. ఏళ్ల తరబడి కీబోర్డు వాడేవారిలోనూ చాలామంది వాటిని పట్టించుకోరు. చూపుడు వేళ్లు ఎక్కడ ఆనాలో చెప్పడానికే ఆ గీతలు ఉన్నాయి. వేళ్లు ఒకసారి అక్కడ కుదురుకుంటే మిగతా కీలన్నీ ఎంత దూరంలో ఉన్నాయో చేతికే తెలుస్తుంది. చూపు అవసరం లేకుండా నేర్చుకోగల విద్య ఇది. అయినా చూపు తక్కువైన పిల్లలకు దీన్ని చివరికి నేర్పుతున్నారు, లేదా అసలు నేర్పడం లేదు.

ఖరగ్‌పూర్ లాంటి రైల్వే పట్టణంలో ఈ లోటు ఇంకా పెద్దది. బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే రోజుల్లో వర్క్‌షాపు పనికోసం ఉత్తరాంధ్ర నుంచి వెళ్లిన కుటుంబాలు తరాలుగా అక్కడే ఉన్నాయి. ఇంట్లో తెలుగు, వీధిలో బంగ్లా, హిందీ, దరఖాస్తుల్లో ఇంగ్లిషు. అలాంటి ఇంట్లో చూపు మందగించిన పిల్లవాడు కీబోర్డు ముందు కూర్చుంటే పెద్దలు సాధారణంగా చేసేది పెద్ద అక్షరాల స్టిక్కర్లు అంటించడం. వాడు ముఖం కీలకు ఆనించి ఒక్కో అక్షరం వెతుకుతాడు. మెడ, కళ్లు అలసిపోతాయి, వేగం రాదు. ఉన్న కాస్త చూపూ కీలు వెతకడానికే ఖర్చయిపోతుంది. అది తెర మీదికో పుస్తకం మీదికో పోవాల్సిన చూపు.

చూపున్నవారు కూడా నిజానికి చూసి టైపు చేయరు. 2014లో అమెరికాలోని వాండర్‌బిల్ట్ విశ్వవిద్యాలయ పరిశోధకులు ఒక అధ్యయనం ప్రచురించారు. అందులో పాల్గొన్నవారు నిమిషానికి సుమారు 72 పదాలు కొట్టగలవారు. ఖాళీ కీబోర్డు బొమ్మ ఇచ్చి అక్షరాలు నింపమంటే 26లో సగటున 15 మాత్రమే సరిగ్గా పెట్టగలిగారు. కీ ఎక్కడుందో వారి వేళ్లకు తెలుసు, నోటితో అడిగితే చెప్పలేరు. సైకిలు తొక్కడంలా ఇది అభ్యాసంతో ఒంటికి పట్టే జ్ఞాపకం. ఆ జ్ఞాపకానికి కావలసింది స్పర్శ, కండరాల కదలిక, తప్పు జరిగిన వెంటనే తెలియజేసే సూచన. ఆ సూచన కంటికే అందాలని లేదు, చెవికి అందినా చాలు.

చరిత్ర కూడా ఇదే చెబుతుంది. ఇటలీలో పెల్లెగ్రినో తుర్రి అనే ఆయన చూపులేని తన స్నేహితురాలు కరోలినా ఫాంతోని కోసం రాత యంత్రం తయారు చేశాడు. ఆమె దాని మీద రాసిన 1808 నాటి ఉత్తరాలు నేటికీ ఉన్నాయి. టైపు యంత్రానికి తొలి రూపాల్లో ఒకటి పుట్టిందే చూపులేనివారి అవసరం నుంచి. కీలు చూడకుండా పదివేళ్లతో కొట్టడం ఎంత వేగమైనదో జనం గుర్తించింది ఆ తర్వాత ఎనభై ఏళ్లకు, 1888లో సిన్సినాటి పోటీలో ఫ్రాంక్ మెక్‌గరిన్ గెలిచినప్పుడు.

భారతీయ భాషల విషయంలో మనకు ఇంకో సౌకర్యం ఉంది. 1980 దశకంలో కేంద్ర ఎలక్ట్రానిక్స్ శాఖ రూపొందించిన ఇన్‌స్క్రిప్ట్ కీబోర్డులో అచ్చులు, గుణింతపు గుర్తులు ఎడమచేతి వైపు, హల్లులు ఎక్కువగా కుడిచేతి వైపు ఉంటాయి. తెలుగు ‘క’ ఎక్కడుందో బంగ్లా ‘క’, హిందీ ‘క’ అక్కడే ఉంటాయి. షిఫ్ట్ కలిపితే అదే కీ ‘ఖ’ అవుతుంది. గీతలున్న రెండు కీలలో జె మీద ‘ర’, ఎఫ్ మీద గుడి. ఆ రెండూ వరసగా నొక్కితే ‘రి’. బంగ్లా రాతలో గుడి గుర్తు అక్షరానికి ముందు కనిపిస్తుంది, అయినా కొట్టేది పలికిన వరసలోనే. ‘క్క’ కావాలంటే క, పొల్లు, క. చెవికి వినిపించిన వరసే వేలి వరస. ఖరగ్‌పూర్ పిల్లవాడు ఒక పటం నేర్చుకుంటే మూడు భాషలు చేతికి వస్తాయి. ఇంగ్లిషుకు రెండో పటం నేర్వాల్సిందే, కానీ వేళ్లు ఆనే చోటు మారదు.

ఇంగ్లిషు అక్షరాలతో తెలుగు రాసే పద్ధతి తేలిక కదా అని కొందరంటారు. ఆ పద్ధతిలో తరచూ తెర మీది జాబితాలోంచి సరైన మాట ఎంచుకోవాలి. దాన్ని ఒక్కొక్కటిగా వినేవారికి అది నత్తనడక. ఫోనుకు చెప్పి రాయించుకోవచ్చు కదా అన్నది మరో మాట. రద్దీ గదిలో, పాస్‌వర్డు దగ్గర, ఇంటిపేర్ల స్పెల్లింగు దగ్గర, పరీక్ష హాల్లో నోటిమాట పనికిరాదు. మనసులోని సంగతి పదిమందికీ వినపడకుండా రాసుకునే స్వేచ్ఛ అందరికీ కావాలి.

సాధనాలకు పెద్దగా ఖర్చు లేదు. 2006లో ఆస్ట్రేలియాలో మొదలైన ఎన్‌వీడీఏ అనే తెర చదివే సాఫ్ట్‌వేరు ఉచితం. నొక్కిన ప్రతి కీనీ అది పలుకుతుంది. ఇన్‌స్క్రిప్ట్ విండోస్‌లోనే ఉంటుంది. ఖరగ్‌పూర్ ఐఐటీలోనే అనుపమ్ బసు బృందం భారతీయ భాషలను బ్రెయిలీలోకి మార్చే ‘స్పర్శ’ సాధనాలను రూపొందించి 2005లో ప్రపంచానికి పరిచయం చేసింది. కొరత ఉన్నది నేర్పేవారికీ, రోజూ పావుగంట అభ్యాసానికీ.

ఉద్యోగాల దగ్గర ఈ కొరత బయటపడుతుంది. 2019 నాటి రైల్వే నియామక ప్రకటనలో గుమాస్తా-టైపిస్టు కొలువులకు నిమిషానికి ఇంగ్లిషులో 30 పదాలో హిందీలో 25 పదాలో అడిగారు. వైకల్యం వల్ల టైపు చేయలేనివారికి మినహాయింపు ఉంది, అది ఉండాల్సిందే. కానీ మినహాయింపు ఉంది కదా అని బడి నేర్పడం మానేస్తే నష్టం పిల్లవాడిదే. కొలువు వచ్చాక ఫైలు మినహాయింపు ఇవ్వదు. నేర్చుకున్నవారికి పరీక్ష కూడా న్యాయంగా ఉండాలి. కాగితం చూసి కొట్టమంటే అది కంటికి పెట్టిన పరీక్ష అవుతుంది, వేళ్లకు కాదు. పాఠాన్ని హెడ్‌ఫోనులో వినిపించి కొట్టమనాలి.

2020 డిసెంబరులో పశ్చిమ బెంగాల్ మంత్రివర్గం తెలుగుకు అధికార భాష హోదా ఇవ్వాలని నిర్ణయించింది. ఆ హోదాకు అర్థం ఉండాలంటే తెలుగులో దరఖాస్తు రాయగల చేతులూ ఉండాలి. బడి కంప్యూటరు గదిలో రేపు చేయగల పని చిన్నది. స్టిక్కర్లు పక్కన పెట్టి, పిల్లవాడి చూపుడు వేళ్లను ఆ రెండు గీతల మీద ఆనించి, కీలు చూడకుండా ‘రి’ కొట్టమనడం.