ఉత్తర మళ్లీ చదువుకుంది

ఎల్. విజయలక్ష్మి పేరెత్తగానే మనవాళ్లు "ఆ, డాన్సరు కదా!" అనేసి ఊరుకుంటారు. ఆ ఒక్క మాట ఆమెకు చాలదని నా అభిప్రాయం. 'గుండమ్మ కథ' (1962)లో పద్మ ఆమే. 'నర్తనశాల' (1963)లో బృహన్నలగా రామారావు నాట్యం నేర్పితే, నేర్చుకున్న ఉత్తర కూడా ఆమే. నిజంగా నాట్యం వచ్చిన పిల్ల కాబట్టే ఆ పాఠం అంత రక్తి కట్టింది. అయినా మన సినిమావాళ్లు ఆమె కాళ్లను వాడుకున్నంతగా నటనను వాడుకోలేదు.

పెళ్లయ్యాక తెర వదిలేసింది. భర్త సూరజిత్ దే దత్తా ఫిలిప్పీన్స్‌లోని అంతర్జాతీయ వరి పరిశోధనా సంస్థలో శాస్త్రజ్ఞుడు. కథ కంచికి వెళ్లిందనుకున్నారు అందరూ. వెళ్లలేదు. ఆమె అకౌంటెన్సీ చదివి, ఆ తర్వాత అమెరికాలో వర్జీనియా టెక్ విశ్వవిద్యాలయంలో ఉద్యోగం చేసింది.

పెళ్లి కుదరగానే పుస్తకాలు అటకెక్కించే అమ్మాయిలు మనలో ఇంకా ఉన్నారు. "ఇంకెందుకే చదువు?" అనే పెద్దలకైతే కొదవే లేదు. గజ్జెలు విప్పిన చేతులతో ఆమె పద్దులు రాసింది. మిత్రులారా, మన ఇళ్లలో ఆ మాట వినపడ్డప్పుడు ఈ సంగతి కూడా చెప్పండి.