ఫ్రెండ్‌కి ఇల్లరికం

2025 ఏప్రిల్‌లో నింటెండో 'వర్చువల్ గేమ్ కార్డు'లు తెచ్చింది. డబ్బు పెట్టి డౌన్‌లోడ్ చేసుకున్న గేమ్‌ని ఇంకొకరి స్విచ్‌కి అప్పివ్వొచ్చట. దీన్ని ఉదారత అంటున్నవాళ్ళని చూస్తే నాకు ఒళ్ళు మండుతోంది.

ఎవరికివ్వాలి? 'ఫ్యామిలీ గ్రూప్'లో వాళ్ళకే, మీతో కలిపి ఎనిమిది మంది. ఎన్నాళ్ళు? 14 రోజులు. ఆ తర్వాత గేమ్ తనంతట తనే వెనక్కొచ్చేస్తుంది. మీరు మారేడ్‌పల్లిలో, మీ ఫ్రెండ్ అల్వాల్‌లో ఉన్నారనుకోండి. ముందు వాణ్ణి మీ 'కుటుంబం'లో కలుపుకోవాలి. ఒక ఖాతా ఒక్క గ్రూపులోనే ఉండగలదు కాబట్టి, అప్పటికే వాళ్ళింటి గ్రూపులో ఉంటే అది వదిలేసి రావాలి. ఇల్లరికమే కదా!

మన అమ్మల తరం యండమూరి నవల అద్దెకు తెచ్చుకుంటే వాడకట్టంతా చదివాకే అది షాపుకి తిరిగెళ్ళేది. చదివినవాళ్ళు చుట్టాలా కాదా అని ఎవరూ అడగలేదు.

సాఫ్ట్‌వేర్ రాయడమే నా ఉద్యోగం. కొన్న కాపీ ఒకసారికి ఒక్కచోటే ఆడాలన్న షరతు న్యాయమే, కార్ట్రిడ్జ్ అయినా అంతే. కానీ ఆ కాపలా సర్వర్ కాస్తూనే ఉందిగా, మళ్ళీ ఈ గడువెందుకు, ఈ బంధుత్వమెందుకు? స్విచ్ 2 'గేమ్-కీ కార్డు'నే చూడండి. అందులో గేమ్ ఉండదు, తాళంచెవి మాత్రమే. గేమ్ డౌన్‌లోడ్ చేసుకోవాల్సిందే. అయినా ఆ ప్లాస్టిక్ ముక్కని ఎవరికైనా, ఎన్నాళ్ళకైనా ఇవ్వొచ్చు. అదే డౌన్‌లోడ్‌కి ప్లాస్టిక్ లేకపోయేసరికి ఫ్రెండ్ పరాయివాడైపోయాడు. ఇందులో టెక్నాలజీ ఎక్కడుంది? ఉన్నదంతా అమ్మకాల లెక్కే.